అమ్మ ఫోన్‌లో మూడు వేలిముద్రలు

నేను కరీంనగర్‌లో పిల్లల సమస్యలు చూసే క్లినికల్ సైకాలజిస్టుని. నా గదిలోకి వచ్చే తల్లిదండ్రులు కొన్నేళ్లుగా దాదాపు ఒకే మాట అడుగుతున్నారు: "మేడం, గేమ్స్ బంద్ చేసే యాప్ ఏదన్న ఉంటే పెట్టియ్యండి." అలాంటి యాప్‌లు ఉన్నాయి, పనిచేస్తాయి కూడా. కానీ అవన్నీ ఒక విషయాన్ని ముందే ఒప్పుకొని మొదలవుతాయి. ఇంట్లో పెద్దవాళ్లకు ఫోన్ తెలుసు, పిల్లవాడికి తెలిసినా పెద్దవాళ్ల తర్వాతే అని. నేను చూసే ఇళ్లలో సగానికి పైగా పరిస్థితి దీనికి ఉల్టా. గ్యాస్ బుక్ చేసేది, కరెంటు బిల్లు కట్టేది, అమ్మ ఫోన్‌కు లాక్ పెట్టేది పిల్లవాడే. అలాంటి ఇంట్లో పేరెంటల్ కంట్రోల్ ఎక్కడ మొదలుపెట్టాలో నాకు నేర్పిన కేసు ఇది. అబ్బాయి, తల్లిదండ్రులు ముగ్గురూ ఒప్పుకున్నాకే రాస్తున్నాను. ఎవరో గుర్తుపట్టకుండా కొన్ని వివరాలు మార్చాను.

మొదటి రోజు

2025 జూన్ చివరి వారం. కోరుట్ల దగ్గరి ఒక ఊరి నుంచి రెండు గంటలు బస్సులో కూర్చుని తల్లీ కొడుకులు వచ్చారు. అబ్బాయికి 12 ఏళ్లు, ఏడో తరగతి. తల్లి ఐదో తరగతి దాకా చదివింది, తెలుగు చదవగలదు, ఇంగ్లిష్ రాదు. బీడీలు చేస్తుంది. తండ్రి దుబాయ్‌లో ఎలక్ట్రీషియన్, రెండేళ్లకోసారి వస్తాడు. ఇంట్లో నానమ్మ కూడా ఉంటుంది.

తల్లి చెప్పిన కష్టాలు ఇవి. బడిలో నిద్రపోతున్నాడని టీచర్ రెండుసార్లు ఫోన్ చేసింది. పొద్దున లేపితే లేవడు. వారం కింద ఫోన్ గుంజుకుంటే అన్నం పళ్లెం విసిరి, గోడకు చెయ్యి గుద్దుకున్నాడు. వీటన్నిటికంటే ఆమెను ఎక్కువ భయపెట్టింది డబ్బు. మహిళా సంఘం కిస్తీ కట్టడానికి బ్యాంకుకు పోతే ఖాతాలో 6,400 రూపాయలు తక్కువ ఉన్నాయి. నాలుగు నెలలుగా 80, 160, 400 చొప్పున పోతూ వచ్చాయి.

"వాళ్ల బాపు దుబాయ్ నుంచే లాక్ పెట్టిండు మేడం. రోజు చూస్తనే ఉంటడు. అయినా గిట్ల ఎందుకైతుందో సమజ్ అయితలేదు" అంది.

ఆ సాయంత్రం తండ్రితో బోటిమ్‌లో మాట్లాడాను (దుబాయ్‌లో వాట్సాప్ కాల్స్ నడవవు కాబట్టి అక్కడ పనిచేసేవాళ్ల ఇళ్లలో చాలావరకు బోటిమ్ అనే కాలింగ్ యాప్ వాడతారు). ఆయన తన ఫోన్‌లోని ఫ్యామిలీ లింక్ (గూగుల్ వాళ్ల పేరెంటల్ కంట్రోల్ యాప్) స్క్రీన్‌షాట్లు పంపాడు. ఏడాది కింద రూమ్‌మేట్ చెబితే పెట్టుకున్నాడట. ఇంటికి పంపిన ట్యాబ్‌కు రోజుకు గంట పరిమితి, రాత్రి తొమ్మిదికి లాక్. రిపోర్టులో సగటు వాడకం రోజుకు 22 నిమిషాలు, అదీ యూట్యూబ్. "మా పోరడు బుద్ధిమంతుడే మేడం, మా ఇంటామె జర ఎక్కువ చేసి చెప్తది" అన్నాడు.

రిపోర్టు అబద్ధం చెప్పలేదు. ఫ్యామిలీ లింక్ ఏ ఖాతాను పర్యవేక్షిస్తుందో, ఆ ఖాతా తెరిచి ఉన్న పరికరంలో జరిగేదే చూపిస్తుంది. ట్యాబ్‌లో నిజంగానే 22 నిమిషాలే గడుస్తున్నాయి. తక్కిన ఆటంతా ఎక్కడ జరుగుతుందో అది చెప్పలేదు.

"మీ ఫోన్ ఒకసారి ఇస్తారా అమ్మా?" అని తల్లిని అడిగాను. ఆమె బొటనవేలు పెట్టింది, ఫోన్ తెరుచుకోలేదు. చీరకొంగుతో తుడుచుకొని మళ్లీ పెట్టింది. అయినా రాలేదు. అలవాటు కొద్దీ ఫోన్ కొడుకు వైపు చాచింది. వాడు వేలు ఆనించగానే తెరుచుకుంది.

ఏళ్ల తరబడి తునికాకు చుట్టే వేళ్ల మీద గీతలు అరిగిపోతాయి. బీడీ కార్మికులకు ఆధార్ వేలిముద్ర పడక ఇబ్బంది పడటం మా వైపు అందరికీ తెలిసిందే. సెట్టింగ్స్‌లో చూస్తే ఆ ఫోన్‌లో మూడు వేలిముద్రలు ఉన్నాయి. ఒకటి తల్లిది, రెండు కొడుకువి. పిన్ పెట్టింది కూడా కొడుకే. తన ఫోన్‌ను తాను తెరవాలంటే ఆమెకు వాడు పక్కన ఉండాలి.

ఏ యాప్ ఎంతసేపు వాడారో చూపించే డిజిటల్ వెల్‌బీయింగ్ తెరిచాను. గత ఏడు రోజుల్లో ఒకే ఒక్క షూటింగ్ గేమ్ మీద సగటున రోజుకు 4 గంటల 10 నిమిషాలు. అందులో ఎక్కువ భాగం రాత్రి పదిన్నర నుంచి రెండింటి మధ్య. హోమ్ స్క్రీన్‌లో ఆ గేమ్ కనిపించదు, దాచిపెట్టాడు. తల్లి ఆ పటం వైపు చాలాసేపు చూసి, "నా ఫోన్‌లనేనా?" అంది. అబ్బాయి నేల చూపులు చూస్తూ కూర్చున్నాడు.

వాడితో ఒంటరిగా మాట్లాడినప్పుడు

తల్లిని బయట కూర్చోబెట్టి గంటసేపు వాడితో మాట్లాడాను. మొదటి ఇరవై నిమిషాలు గేమ్ గురించే అడిగాను, తిట్టడానికి కాదు, తెలుసుకోవడానికి. యాభై మంది ఒక దీవిలో దిగుతారు, నలుగురు కలిస్తే ఒక స్క్వాడ్, మ్యాచ్ పది నిమిషాల్లో అయిపోతుంది, గెలిస్తే ర్యాంక్ పాయింట్లు, మధ్యలో వదిలేస్తే పాయింట్లు పోతాయి. డైమండ్స్ (ఆటలో చెల్లే డబ్బు) కొంటే స్కిన్లు, బండిల్స్, అంటే ఆటలో పాత్రకు, తుపాకులకు కొత్త వేషాలు వస్తాయి. వాడి స్క్వాడ్‌లో నిజామాబాద్‌లో ఉండే మేనబావ, మరో ఇద్దరు తెలియని అన్నలు. "నేను ఐజీఎల్ మేడం" అన్నాడు గర్వంగా. అంటే ఆటలో స్క్వాడ్‌ను నడిపించేవాడు. ఎటు పోవాలో, ఎప్పుడు కాల్చాలో వాడు చెబితే తన కంటే పెద్దవాళ్లు వింటారు.

"బడిల ఎవరన్న గట్ల ఇంటరా?"

తల అడ్డంగా ఊపాడు.

తర్వాత రాత్రి ఎలా గడుస్తుందో పూసగుచ్చినట్టు చెప్పించాను. ఈ కేసు మలుపు అక్కడే దొరికింది. తండ్రి డ్యూటీ నుంచి వచ్చి, వండుకొని తిని, రాత్రి 8.45కు ఫోన్ చేస్తాడు. మన దగ్గర అప్పటికి 10.15. పొద్దున ఐదింటికి లేచి బీడీల ముందు కూర్చునే తల్లి అప్పటికే కునికిపాట్లు పడుతుంటుంది. రెండు మాటలు మాట్లాడి ఫోన్ కొడుకు చేతిలో పెట్టి నిద్రపోతుంది. కొడుకు తండ్రితో మాట్లాడతాడు, కాల్ అయిపోతుంది. ఫోన్ మాత్రం వాడి చేతిలోనే ఉంటుంది. రోజూ రాత్రి వాడి చేతికి ఫోన్ అందిస్తున్నది తండ్రి ప్రేమతో చేసే కాలే.

డబ్బు సంగతి కూడా దాచలేదు. యూపీఐ పిన్ వాడికి మొదటి నుంచీ తెలుసు, ఎందుకంటే కిరాణా దుకాణంలో అమ్మ తరఫున కట్టేది వాడే. అది చాలనట్టు చిన్న మొత్తాలకు పిన్ అడగని యూపీఐ లైట్ కూడా ఆ ఫోన్‌లో ఆన్‌లో ఉంది. "ఇంట్ల అందరికి నేనే కడ్త కదా మేడం, ఒక ఎనభై నేను పెట్టుకుంటే ఏమైతదనుకున్న" అన్నాడు. దొంగతనం అనే మాట నేను ఆ రోజు గదిలో వాడలేదు, ఇంట్లో వాడవద్దని తల్లికీ చెప్పాను. ఇంటి ఖజానా అప్పగించి లెక్క అడగకపోవడం పెద్దల పొరపాటు. డబ్బు తిరిగి కట్టాల్సిన బాధ్యత మాత్రం వాడిదే.

ఏం నిర్ధారించాను, ఏం చేయలేదు

ప్రపంచ ఆరోగ్య సంస్థ రోగాల వర్గీకరణ ఐసీడీ-11, 2022 జనవరి నుంచి అమల్లోకి వచ్చింది. అందులో గేమింగ్ డిజార్డర్ ఒక నిర్ధారణ. ఆట మీద అదుపు పోవడం, జీవితంలో తక్కినవాటి కంటే ఆటే ముందుకు రావడం, నష్టం కనిపిస్తున్నా ఆపలేకపోవడం, ఈ మూడూ మామూలుగా ఏడాది పాటు కనిపించాలి. లక్షణాలు తీవ్రంగా ఉంటే ఆ గడువును తగ్గించవచ్చు. ఈ అబ్బాయికి బడి, నిద్ర దెబ్బతిని ఏడు నెలలు. ఆదివారం క్రికెట్‌కు పిలిస్తే ఇప్పటికీ పోతాడు. పండక్కి బంధువులొస్తే ఫోన్ పక్కన పెడతాడు. కాబట్టి ఆ పేరు పెట్టలేదు. అదే వర్గీకరణలో రోగంగా కాకుండా, ఆరోగ్యానికి హాని జరిగే ముప్పును పెంచే అలవాటుగా ప్రమాదకర గేమింగ్ (హజార్డస్ గేమింగ్) అని వేరుగా ఉంది, నా నోట్స్‌లో అదే రాశాను. డిప్రెషన్, ఏడీహెచ్‌డీ (ఏకాగ్రత, నిలకడ కుదరని సమస్య) ఉన్నాయేమో చూశాను, లేవు. నిద్ర లేమి మాత్రం గట్టిగా ఉంది. రోజుకు నాలుగున్నర గంటల నిద్రతో పన్నెండేళ్ల పిల్లవాడు కోపం అదుపులో పెట్టుకోలేకపోవడంలో వింత లేదు.

పేరు పెట్టకపోవడం వల్ల తండ్రి మొదట నిరాశపడ్డాడు, మందు రాయమన్నాడు. రాయడానికి మందు లేదని, మార్చాల్సింది ఇంటి రాత్రిళ్లని చెప్పాను.

ముందు అమ్మ ఫోన్

మామూలుగా పిల్లల పరికరంతో మొదలుపెడతాం. ఈసారి పిల్లవాడి ట్యాబ్ ముట్టుకోకుండా మొదటి రెండు సిట్టింగులూ తల్లి ఫోన్ మీదే గడిపాను.

ఫోన్ భాష తెలుగుకు మార్చాం. దాంతోనే ఆమె ముఖం మారింది. "గిది సెట్టింగులా? గింత అల్కగ ఉందా?" అంది. మూడు వేలిముద్రలూ తీసేశాం. ఆమెది ఎలాగూ పడదు కాబట్టి మళ్లీ పెట్టలేదు. ఆరంకెల పిన్ ఆమెనే ఎంచుకోమన్నాను, నాకు కూడా చెప్పవద్దన్నాను. పుట్టిన తేదీ, పెళ్లి తేదీ, బండి నంబరు వద్దు, అవన్నీ కొడుక్కి తెలుసు. ఆమె కాసేపు ఆలోచించి ఒక సంఖ్య పెట్టుకుంది. కాగితం మీద రాసుకోకుండా పదిసార్లు తెరిచి మూసింది.

యూపీఐ పిన్ మార్చాం. పిన్ కొత్తగా పెట్టుకోవడానికి డెబిట్ కార్డు మీది చివరి ఆరంకెలు, గడువు తేదీ, ఫోన్‌కు వచ్చే ఓటీపీ కావాలి. ఆ కార్డు బీరువాలో ఎక్కడ ఉంటుందో కొడుక్కి తెలుసని ఆమే గుర్తుచేసింది, కార్డు చోటు మార్చింది. యూపీఐ లైట్‌లో మిగిలిన డబ్బు ఖాతాలోకి వెనక్కి తీసుకొని దాన్ని ఆపేశాం. ప్లే స్టోర్‌లో ప్రతి కొనుగోలుకూ పాస్‌వర్డ్ అడిగేలా పెట్టాం. దాచిపెట్టిన గేమ్ తీసేశాం. ఆ ఫోన్‌లో కొడుకు తన కోసం చేర్చుకున్న రెండో గూగుల్ ఖాతాను ఆ రోజు తీయలేదు, కారణం తర్వాత చెబుతాను.

ఇదంతా చేయడానికి ఒక సాంకేతిక నిపుణుడికి పావుగంట పడుతుంది. మాకు మూడు గంటలు పట్టింది, ఎందుకంటే ప్రతి అడుగూ ఆమె వేలితోనే వేయించాను. నేను చేసిపెట్టి పంపితే వారంలో కొడుకు చేతికే తిరిగి వెళ్తుంది. దుకాణంలో డబ్బు కట్టడం, బోటిమ్ కాల్ కలపడం, గ్యాస్ బుక్ చేయడం, ఈ మూడూ ఆమెకే వచ్చేదాకా తర్వాతి మెట్టు ఎక్కలేదు. రెండో సిట్టింగ్‌కు వచ్చినప్పుడు బస్టాండ్‌లో కొడుక్కి కొబ్బరినీళ్లు కొని తానే స్కాన్ చేసి కట్టానని చెప్పింది. ఆ మాట చెప్పేటప్పుడు ఆమె కళ్లలో వెలుగు నాకింకా గుర్తుంది.

ట్యాబ్, ఐడీ, వయసు

అబ్బాయి ఏడ్చింది ఒక్కసారే. ఆట తగ్గించినందుకు కాదు, "ఐడీ పోతదా మేడం?" అని. రెండేళ్లుగా పెంచుకున్న ర్యాంక్, స్కిన్లు అన్నీ ఆ ఐడీలో ఉన్నాయి. చాలామంది తల్లిదండ్రులు కోపంలో ఖాతానే తుడిచేస్తారు. నాకు అది పెద్ద తప్పుగా అనిపిస్తుంది. వాడి దృష్టిలో అది రెండేళ్ల కష్టం. పోగొట్టినవాళ్లను వాడు ఇక నమ్మడు, దొంగతనంగా కొత్తది మొదలుపెడతాడు. ఐడీని ఎవరూ ముట్టుకోరని మాటిచ్చాం. అందుకే రెండో గూగుల్ ఖాతాను అప్పటికప్పుడు తీయలేదు, ఐడీ దానికే ముడిపడి ఉంది.

ఆ ఖాతా తెరిచేటప్పుడు వాడు తండ్రి పుట్టిన సంవత్సరం ఇచ్చాడు. అంటే గూగుల్ దృష్టిలో, గేమ్ దృష్టిలో వాడు పెద్దవాడు. మన పిల్లల ఖాతాల్లో ఇది చాలా మామూలు. గేమ్ కంపెనీలు పెట్టే వయసు నిబంధనలన్నీ ఇక్కడే నీరుగారిపోతాయి. ఉదాహరణకు పబ్జీ తర్వాత మన దేశం కోసం వచ్చిన బీజీఎంఐ గేమ్‌లో 18 ఏళ్ల లోపు వాళ్లకు రోజుకు మూడు గంటల పరిమితి ఉంది, పెద్దల అనుమతి కావాలి. ఆ నిబంధన మంచిదే, కానీ ఖాతాలో వయసు నిజంగా ఉంటేనే అది పిల్లవాడి దాకా వస్తుంది.

ఖాతాలో పుట్టిన తేదీ సరిచేశాం. వయసు తక్కువని తేలగానే పేరెంట్ పర్యవేక్షణ జత చేయమని గూగుల్ అడిగింది, జత చేశాం. ట్యాబ్‌ను మొదటి నుంచి రీసెట్ చేసి అదే ఖాతాతో తెరిచాం. గేమ్ అనుమతి అడిగింది, తల్లి ఫోన్‌లో నొక్కింది. ఐడీ అలాగే ఉంది. వాడు స్క్రీన్ మీద తన పేరు చూసుకొని ఊపిరి పీల్చుకున్నాడు. ఆ తర్వాతే తల్లి ఫోన్ నుంచి ఆ ఖాతాను తీసేశాం.

ట్యాబ్‌లో పెట్టినవి తక్కువే. కొత్త యాప్ ఏదైనా తల్లి అనుమతితోనే. ప్లే స్టోర్ బయటి నుంచి యాప్‌లు ఎక్కకుండా తెలియని మూలాలు బంద్. రాత్రి 8.30 నుంచి పొద్దున 6 దాకా డౌన్‌టైమ్, అంటే ట్యాబ్‌కు లాక్. గేమ్‌కు విడిగా రోజు పరిమితి. ఇవన్నీ ఏమిటో, అమ్మకు ఏం కనిపిస్తుందో, ఏం కనిపించదో అబ్బాయికి ఒక్కొక్కటీ తెరిచి చూపించాను. దొంగచాటు నిఘా పెట్టడం నాకు ఇష్టం లేదు, పిల్లలు దాన్ని పసిగట్టిన రోజున పెద్దల మాటకు విలువ పోతుంది.

నేను చేసిన రెండు పొరపాట్లు

మొదటిది నిమిషాల లెక్క. గేమ్‌కు రోజుకు 45 నిమిషాలు పెట్టాను. మూడో రోజు సాయంత్రం సరిగ్గా మ్యాచ్ మధ్యలో లాక్ పడింది. స్క్వాడ్‌లో మిగతా ముగ్గురూ చచ్చారు, ర్యాంక్ పడిపోయింది, పెద్దవాళ్లలో ఒకడు బూతులు తిట్టాడు. వాడు స్టీలు గ్లాసు విసిరాడు. తల్లి భయపడి నాకు ఫోన్ చేసింది. హెచ్చరిక ముందే వస్తుంది, నిజమే. కానీ మ్యాచ్‌లో దిగిన పిల్లవాడికి ఆ హెచ్చరిక ఎందుకూ పనికిరాదు, ఆపితే మిగతా ముగ్గురికీ మోసం చేసినట్టే.

మనం చిన్నప్పుడు క్రికెట్ ఆడుతుంటే అమ్మ ఓవర్ మధ్యలో వచ్చి బ్యాట్ గుంజుకుంటే ఎట్లుంటుందో ఇదీ అంతే. నిమిషాలు తీసేసి మ్యాచ్‌లు పెట్టాం. రోజుకు మూడు మ్యాచ్‌లు, సాయంత్రం ఆరున్నరకు మొదలు. లాబీలో ఎదురుచూపులతో కలిపి మూడు మ్యాచ్‌లకు ఎక్కువలో ఎక్కువ 45 నిమిషాలు. యాప్ పరిమితిని మాత్రం 60కి పెంచాం, అంటే లాక్ ఉంది కానీ అది మ్యాచ్ మధ్యలో పడదు. మూడో మ్యాచ్ అయ్యాక ట్యాబ్ వాడే తెచ్చి బీరువా మీద పెట్టాలి. ఆదివారం ఆరు మ్యాచ్‌లు, రెండు విడతలుగా. ఆ మార్పు తర్వాత నాకు తెలిసి ఒక్క వస్తువూ విరగలేదు.

రెండో పొరపాటు పెద్దది. ఫ్యామిలీ లింక్‌లో తండ్రినే ముఖ్య పేరెంట్‌గా ఉంచాను, తల్లిని రెండో పేరెంట్‌గా చేర్చాను. ఆయనకు ఇంగ్లిష్ వచ్చు, యాప్ తెలుసు, ఉత్సాహం ఉంది కదా అనుకున్నాను. మూడు వారాల తర్వాత లెక్క చూస్తే మ్యాచ్‌లు మూడు కాదు, ఆరేడు. అబ్బాయి రోజూ ఏడింటికి తండ్రికి వాయిస్ మెసేజ్ పెడుతున్నాడు: "బాపూ, ఇంకో అరగంట." అక్కడ అప్పటికి ఐదున్నర. సైట్ నుంచి క్యాంపుకు పోయే బస్సులో అలసిపోయి కూర్చున్న మనిషి బోనస్ టైమ్ నొక్కుతున్నాడు. ఇంట్లో తల్లి "చాలు" అంటున్నది, దుబాయ్ నుంచి "కానీ" అని వస్తున్నది.

ఆయన్ని తప్పుపట్టాలనిపించలేదు. "రెండేండ్లకోసారి చూస్తా మేడం వాణ్ణి. అడిగింది కాదంటే ఆ రోజంతా మనసున పట్టది" అన్నాడు. గొంతు పూడుకుపోయింది. దూరంగా ఉన్న తండ్రి చేతిలో ఉన్నది ఒక్క బటన్, దానితోనే ప్రేమ చూపిస్తున్నాడు.

ఆ రోజు ఇద్దరితో ఒకే కాల్‌లో మాట్లాడి మూడు విషయాలు తేల్చుకున్నాం. ఒకటి, సమయం పెంచడం, తగ్గించడం ఇక తల్లి చేతిలోనే, కొడుకు అడిగితే తండ్రి "అమ్మనడుగు బిడ్డా" అనాలి. రెండు, రాత్రి కాల్ బంద్. దాని బదులు పొద్దున 6.15కు, అక్కడ 4.45కు, ఆయన సైట్ బస్సు ఎక్కకముందు. అప్పుడు కొడుకు నిద్రలేచి ఉంటాడు, తల్లి ఆకు తడిపి కూర్చుని ఉంటుంది. మూడు, బోనస్ టైమ్ నొక్కే మనసైనప్పుడల్లా ఆయన కొడుక్కి ఒక వాయిస్ మెసేజ్ పెట్టాలి, తన పని గురించో, తిన్న కూర గురించో.

ఈ కేసులో ఒకే ఒక్క మార్పు ఎంచుకోమంటే నేను పొద్దుటి కాల్‌నే ఎంచుకుంటాను. యాప్‌లో ఏ సెట్టింగూ అంత పని చేయలేదు. రాత్రి పదింటికి ఇంట్లో వెలిగే స్క్రీన్ లేకుండా పోయింది. పది రోజుల్లో అబ్బాయి పావు తక్కువ పదికి నిద్రపోవడం మొదలైంది.

నానమ్మ

నానమ్మ దగ్గర ఒక స్మార్ట్‌ఫోన్ ఉంది, భజనలు చూడటానికి, మస్కట్‌లో ఉన్న చిన్న కొడుకుతో మాట్లాడటానికి. దానికి లాక్ లేదు. ఆగస్టులో అబ్బాయి ఆ ఫోన్‌లో గేమ్ ఎక్కించాడు. తల్లి కనిపెట్టి అడిగితే అత్తాకోడళ్ల మధ్య మాటా మాటా పెరిగింది. "తండ్రి లేని ఇంట్ల పోరడు. అడిగితే ఎట్ల ఇయ్యకుంట?" అని పెద్దావిడ ఏడ్చింది.

ఆమెను కూడా రమ్మన్నాను. ఆమె ముందు నేను ఫోన్ మాట ఎత్తలేదు, మనవడి నిద్ర గురించి మాట్లాడాను. పన్నెండేళ్ల పిల్లవాడికి రోజుకు కనీసం తొమ్మిది గంటలు నిద్ర కావాలని, వాడు నాలుగున్నరే పడుకున్నాడని చెప్పాను. ఆమె లెక్క వేసుకుంది. "అంటే సగం తిండి పెట్టినట్టేనా?" అంది. ఆ పోలిక ఆమెదే, అంతకంటే బాగా నేను చెప్పలేకపోయేదాన్ని. ఆ రాత్రి నుంచి ఫోన్ దిండు కింద పెట్టుకొని పడుకోవడం మొదలుపెట్టింది.

ప్రభుత్వం బంద్ చేసింది కదా

ఆగస్టు చివర్లో తండ్రి ఆశగా ఫోన్ చేశాడు. ఆన్‌లైన్ గేమ్స్ మీద పార్లమెంటులో చట్టం వచ్చిందని, ఇక గేమే రాదని క్యాంపులో అనుకున్నారట. 2025 ఆగస్టులో వచ్చిన ఆ చట్టం నిషేధించింది డబ్బు పెట్టి డబ్బు గెలిచే ఆటల్ని. ఇలాంటి షూటింగ్ గేమ్, అందులో డైమండ్స్ కొనుక్కోవడం వేరు, అవి అలాగే ఉంటాయి. 2020 సెప్టెంబరులో పబ్జీని నిషేధించినప్పుడు కూడా నా దగ్గరికి వచ్చే పిల్లలు కొద్ది వారాల్లోనే వేరే గేమ్‌కు మారారు. ఒక గేమ్ పోతే ఇంకో గేమ్ వస్తుంది. రాత్రి పదిన్నరకు ఫోన్ ఎవరి చేతిలో ఉంటుందనేది మాత్రం ఆ ఇంట్లోవాళ్లే తేల్చుకోవాలని చెప్పాను.

దాటుకుపోయే దారులు

అబ్బాయి ఊరికే కూర్చోలేదు. ట్యాబ్‌లో గడియారం మార్చి చూశాడు. స్నేహితుడు బ్లూటూత్‌లో పంపిన గేమ్ ఫైల్ ఎక్కించబోయాడు, తెలియని మూలాలు బంద్ చేసి ఉండటంతో ఎక్కలేదు. బ్రౌజర్‌లో చిన్న చిన్న గేమ్స్ ఆడాడు. తల్లి అది కూడా మూసేయమంది. నేను వద్దన్నాను. బడి హోంవర్క్‌కు బ్రౌజర్ కావాలి, పైగా ఆ గేమ్స్‌లో స్క్వాడ్ లేదు, ర్యాంక్ లేదు, ఐదు నిమిషాల్లో విసుగొస్తుంది. ప్రతి సందునూ మూసుకుంటూ పోతే తల్లి జీవితమంతా కాపలాగానే గడుస్తుంది. పెద్ద తలుపు ఒక్కటి గట్టిగా ఉంటే చాలు.

దసరా సెలవుల్లో నిజామాబాద్ మేనత్త ఇంట్లో ఐదు రోజులు మేనబావ ఫోన్‌లో రాత్రింబవళ్లు ఆడాడు. తిరిగొచ్చాక నాలుగు రోజులు ఇల్లు మళ్లీ జూన్ నెలలా అయింది. తల్లి ఒక రాత్రి టెన్షన్ తట్టుకోలేక నేను ముందే రాసిచ్చిన 14416కు, అంటే ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలీ మానస్‌కు ఫోన్ చేసింది. ఆ నంబరుకు రాత్రీ పగలూ ఎప్పుడైనా ఉచితంగా చేయవచ్చు, తెలుగులో మాట్లాడతారు. అవతలివాళ్లు అరగంట ఓపికగా విన్నారని చెప్పింది. దూరపు ఊళ్ల నుంచి వచ్చే ప్రతి కుటుంబానికీ ఇప్పుడు ఆ నంబరు మొదటి రోజే రాసిస్తున్నాను.

ఆరు వేల నాలుగు వందలు

ఒప్పందంలో డబ్బు సంగతి కూడా రాసుకున్నాం. ఆదివారాలు బీడీ కట్టలు కట్టడంలో, ఆకు సంచీ కంపెనీ నుంచి మోసుకురావడంలో సాయం చేస్తే వారానికి వంద రూపాయల చొప్పున అప్పు తగ్గుతుంది. ఆకు కోయడం, బీడీ చుట్టడం మాత్రం పిల్లవాడితో చేయించకూడదని గట్టిగా చెప్పాను, పొగాకు పొడి ఊపిరితిత్తులకు మంచిది కాదు. మూడో వారానికి సంచీ మోయడం కూడా మాన్పించి, దాని బదులు నానమ్మకు సరుకులు తెచ్చే పని పెట్టాం, ఎందుకంటే సంచీ చుట్టూ కూడా పొగాకే. అప్పు ఇంకా సగానికి పైగా ఉంది. ప్రతి ఆదివారం తల్లి ఒక నోట్‌బుక్‌లో రాస్తుంది, కొడుకు సంతకం పెడతాడు.

ఇప్పటి స్థితి

2026 జనవరిలో చివరిగా చూసినప్పుడు గేమ్ వాడకం రోజుకు సగటున 50 నిమిషాలు. నిద్ర ఎనిమిది గంటలకు పైనే. డిసెంబరులో బడికి ఒక్క రోజే మానేశాడు, అదీ జ్వరం వల్ల. మార్కులు మాత్రం పెద్దగా మారలేదు. లెక్కల్లో వెనకబాటు నాలుగో తరగతి నుంచే ఉంది, గేమ్ దాన్ని కప్పిపెట్టింది. అది విడిగా చూడాల్సిన పని, సంక్రాంతి తర్వాత ఊళ్లోనే ఒక అక్క దగ్గర ట్యూషన్ మొదలుపెట్టారు. బడిలో వాడి మాట వినేవాళ్లు ఎవరూ లేరన్న విషయానికి కూడా ఇంకా జవాబు దొరకలేదు. కబడ్డీ జట్టులో చేర్చమని పీఈటీ సార్‌తో తల్లి మాట్లాడింది.

తండ్రి సంక్రాంతికి రెండు నెలల సెలవు మీద వచ్చాడు. కొడుక్కి కొత్త ఫోన్ తెస్తున్నానని ముందే నాకు చెప్పాడు. వద్దనలేదు, కానీ ఎవరి పేరు మీద, ఎవరి ఖాతాతో తెరుస్తారని అడిగాను. దాన్ని భార్యకిచ్చి, ఆమె పాత ఫోన్ ఇంట్లో అందరికీ ఉమ్మడిగా హాల్లో పెట్టారు. జనవరి సిట్టింగ్‌కు ముగ్గురూ వచ్చారు. తండ్రి ఒక్కసారి ఆ గేమ్ కొడుకుతో కలిసి ఆడాడట, దిగిన నిమిషంలోనే చచ్చాడట. అబ్బాయి దాన్ని చెబుతూ పడీ పడీ నవ్వాడు.

మేలో వాడికి 13 నిండుతాయి. ఆ వయసులో ఖాతా పర్యవేక్షణ ఎలా కొనసాగాలన్నది మళ్లీ కూర్చుని మాట్లాడుకోవాలి, ఈసారి వాడి మాట ఇంకాస్త ఎక్కువ చెల్లాలి. ఏప్రిల్‌లో రమ్మన్నాను. వెళ్లేముందు తల్లి కొత్త ఫోన్ తీసి నాకు చూపించింది. మార్చి పరీక్షలకు డౌన్‌టైమ్ ఎనిమిదింటికి జరిపింది, ఆదివారం మ్యాచ్‌లు ఆరు నుంచి నాలుగుకు తగ్గించింది. కొడుకును అడిగే మార్చానంది. వాడు పక్కనుంచి, "అయిదు అడిగిన మేడం, నాలుగిచ్చింది" అన్నాడు.